ఈఎంఐ సరే, అసలు ఎంత తీరింది?

తిరుపతిలో ఇల్లు కొనే మాట ఎక్కడ మొదలైనా వచ్చి ఆగేది ఒకే ప్రశ్న దగ్గర. "నెలకి ఎంత పడతాది సార్?" ఎయిర్ బైపాస్ రోడ్డులో ఫ్లాటు చూసినా, అవిలాల దగ్గర ఇండిపెండెంట్ ఇల్లు చూసినా, మంగళం వైపు స్థలం కొని కట్టుకుందామనుకున్నా ఇదే ప్రశ్న. జీతంలోంచి ఆ మొత్తం పోతే మిగిలిన దాంతో ఇల్లు గడుస్తుందా అని భార్యాభర్తలు ఒక రాత్రి కూర్చుని లెక్క వేసుకుంటారు. పిల్లల ఫీజులు, బండి పెట్రోలు, అమ్మానాన్నల మందులు అన్నీ కలిపి చూసుకుంటారు. గడుస్తుందనిపిస్తే సంతకం పెట్టేస్తారు. ఇరవై ఏళ్ల అప్పు మీద చాలా ఇళ్లలో జరిగే లెక్క ఇంతే.

ఈఎంఐ ఎంతో తెలుసుకోవడం తప్పు కాదు. ఆ బరువు మనం మోయగలమో లేదో చెప్పేది అదే. కానీ ఇల్లు చివరికి ఎంతకు పడుతోందో మాత్రం అది చెప్పదు. అది తెలియాలంటే అడగాల్సినవి వేరే రెండు ప్రశ్నలు: ఈ రోజుకు తీసుకున్న అప్పులో అసలు ఎంత మిగిలింది, ఇంకా ఎన్ని నెలలు మిగిలాయి? హోమ్ లోన్‌లో మనల్ని ఎక్కువగా పిండేది వడ్డీ రేటు కాదు, కాలం. ఈ సంగతి అంకెలతో చూస్తే తప్ప నమ్మకం కుదరదు కాబట్టి ఒక లెక్క పట్టుకుని చివరిదాకా వెళ్దాం.

ఫ్లాటు ధర 40 లక్షలు. చేతి డబ్బు 10 లక్షలు, బ్యాంకు లోను 30 లక్షలు. వడ్డీ ఏడాదికి 8.5 శాతం, గడువు 20 ఏళ్లు.

మన వైపు వడ్డీని శాతాల్లో చెప్పుకోవడం తక్కువ. నూటికి నెలకు ఎన్ని రూపాయలన్నదే మాట. రూపాయి వడ్డీకి ఇచ్చేవాణ్ణి మంచివాడంటాం. రెండు రూపాయలు మామూలు. మూడు రూపాయలంటే అవసరం ముంచుకొచ్చినవాడు కట్టే వడ్డీ. ఆ లెక్కలోకి మార్చుకుంటే 8.5 శాతం అంటే నూటికి నెలకు 71 పైసలు. మామూలు ఉద్యోగస్తుడికి ఇంత చౌకగా, ఇంత పెద్ద మొత్తం మరెక్కడా పుట్టదు. కాబట్టి హోమ్ లోన్ తీసుకోవద్దని నేను ఎవరికీ చెప్పను.

మరి డెబ్బై పైసల వడ్డీకి తెచ్చుకున్న 30 లక్షలకు ఇరవై ఏళ్లలో 62 లక్షల 48 వేలు ఎందుకు కట్టాల్సి వస్తోంది? అడిగితే చాలామంది "చక్రవడ్డీ వేస్తారు కదా" అంటారు. అది నిజం కాదు. నెల నెలా ఈఎంఐ సక్రమంగా కడుతున్నంత కాలం వడ్డీ మీద వడ్డీ పడదు. ఏ నెలకానెల, అప్పటికి మిగిలిన అసలు మీద మాత్రమే వడ్డీ వేస్తారు, అది ఆ నెల ఈఎంఐలోనే చెల్లిపోతుంది. కిటుకు ఎక్కడుందంటే, అసలు తరిగే తీరులో ఉంది.

ఈ లోనుకు ఈఎంఐ 26,035 రూపాయలు. మొదటి నెల 30 లక్షల మీద వడ్డీ 21,250. అది పోగా అసలుకు జమ అయ్యేది 4,785. రెండో నెల అసలు 29,95,215, దాని మీద వడ్డీ 21,216. ఈసారి అసలుకు 4,819. అంటే నెల తిరిగేసరికి మనకు కలిసొచ్చింది 34 రూపాయలు. మూడో నెల మరో 34. ఇలా కాస్త కాస్త పెరుగుతూ పోతుంది. ఈఎంఐలో సగానికి పైగా అసలుకు జమ అవడం మొదలయ్యేది ఎప్పుడో తెలుసా? పన్నెండో ఏడాది చివర్లో.

ఐదేళ్లు ఒక్క నెల కూడా తప్పకుండా కట్టిన మనిషిని తీసుకోండి. అతను కట్టింది 15 లక్షల 62 వేలు. బ్యాంకుకు వెళ్లి లోను క్లోజ్ చేస్తానంటే చెప్పే మొత్తం 26 లక్షల 44 వేలు. ఐదేళ్ల కష్టంలో అసలు తగ్గింది మూడు లక్షల యాభై ఆరు వేలే. పదేళ్లకు, అంటే సగం గడువు అయిపోయాక కూడా 21 లక్షలు మిగిలే ఉంటాయి. అసలు సగానికి దిగడానికి దాదాపు 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. బదిలీ మీద వెళ్తూనో, పిల్ల పెళ్లికనో మధ్యలో ఇల్లు అమ్మాల్సి వచ్చినవాళ్లకు ఈ సంగతి అప్పుడు తెలుస్తుంది. "ఇన్నేళ్లు కట్టాం కదా, ఇంత మిగలడం ఏంది?" అని బ్యాంకులో వాదన పెట్టుకునేవాళ్లు ఉంటారు. బ్యాంకు లెక్కలో తప్పేమీ ఉండదు. మొదటి రోజు నుంచీ లెక్క అదే.

ఇక్కడే ఇంకో మాట. "అద్దె కడితే దండగ, అదే ఈఎంఐ కడితే ఇల్లు మనదవుతుంది" అని పెద్దలు చెప్తారు. ఆ మాటలో సగం నిజం ఉంది. మొదటి నెల 26,035లో 21,250 బ్యాంకు డబ్బు వాడుకున్నందుకు కట్టిన అద్దె లాంటిదే, అది తిరిగి రాదు. అదే ఫ్లాటులో నెలకు 12 వేలకు అద్దెకు ఉండగలిగితే, తొలి ఏళ్లలో దండగ ఏ వైపు ఎక్కువో మీరే చూడండి. ఇల్లు కొనడానికి వేరే కారణాలు బోలెడు ఉంటాయి. ఓనరు ఎప్పుడు ఖాళీ చేయమంటాడో అన్న బెంగ ఉండదు, గోడకు మేకు కొట్టుకోవడానికి ఎవరినీ అడగక్కర్లేదు, పెద్దవాళ్లకు ఒక భరోసా. ఆ కారణాలు గట్టివే. అద్దె మిగులుతుందన్న ఒక్క కారణంతో మాత్రం కొనొద్దు.

గడువు పెంచితే ఏమవుతుంది?

జీతం చాలక లోను పాస్ కాకపోతే ఎవరైనా వెంటనే ఇచ్చే సలహా "గడువు పెంచుకోండి" అని. 20 ఏళ్లను 30 ఏళ్లు చేస్తే ఈఎంఐ 26,035 నుంచి 23,067కు దిగుతుంది. నెలకు 2,968 మిగులు. చూడ్డానికి బాగానే ఉంది. కానీ మొత్తం వడ్డీ 32 లక్షల 48 వేల నుంచి 53 లక్షల 4 వేలకు ఎక్కుతుంది. నెలకు మూడు వేలు మిగుల్చుకోవడానికి 20 లక్షల 56 వేలు అదనంగా కడుతున్నామన్నమాట.

అటు వైపు కూడా చూద్దాం. 20 ఏళ్లను 15 చేస్తే ఈఎంఐ 29,542. నెలకు మూడున్నర వేలు ఎక్కువ. వడ్డీ మాత్రం 23 లక్షల 18 వేలతో ఆగిపోతుంది. అంటే 9 లక్షల 30 వేలు మిగులు. వడ్డీ రేటు పావు శాతం తగ్గించమని బ్యాంకు మేనేజరును బతిమాలడానికి రెండు మూడు రోజులు తిరుగుతాం. గడువు గురించి అందులో పదో వంతు సేపు కూడా ఆలోచించం. నన్ను ఎక్కువగా బాధపెట్టేది ఇదే.

రేటు మారినప్పుడు

చాలా హోమ్ లోన్లు ఫ్లోటింగ్ రేటువే, అంటే మధ్యలో వడ్డీ రేటు మారుతూ ఉండేవి. 2019 అక్టోబరు 1 తర్వాత బ్యాంకులు ఇచ్చిన ఫ్లోటింగ్ హోమ్ లోన్లు రెపో రేటు (బ్యాంకులకు ఆర్‌బీఐ అప్పిచ్చే రేటు) లాంటి బయటి ప్రామాణికానికి ముడిపడి ఉండాలని ఆర్‌బీఐ నిబంధన. కనీసం మూడు నెలలకోసారి రేటు సవరించాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ నిబంధన లేదు, అవి తమ సొంత రేటును బట్టి నడుస్తాయి. లోను ఎక్కడ తీసుకుంటున్నామో చూసుకోవాల్సిన మొదటి కారణం ఇదే.

రెపో రేటు 2020 మే నుంచి రెండేళ్లు 4 శాతం దగ్గర ఉంది. ఆ రోజుల్లో 6.7 శాతానికి కూడా హోమ్ లోన్ దొరికింది. తర్వాత 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు ఆర్‌బీఐ దాన్ని 6.5 శాతానికి పెంచింది. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం. దీని దెబ్బ ఎలా ఉంటుందో లెక్క కట్టి చూద్దాం.

30 లక్షలు, 6.7 శాతం, 20 ఏళ్లు అంటే ఈఎంఐ 22,722. ఏడాది కట్టాక మిగిలేది 29 లక్షల 26 వేలు. అప్పుడు రేటు 9.2 శాతమైతే ఒక నెల వడ్డీయే 22,433. ఈఎంఐ మార్చకుండా వదిలేస్తే అసలుకు జమ అయ్యేది 289 రూపాయలు. ఆ లెక్కన లోను తీరడానికి ఇంకా 47 ఏళ్ల పైమాటే. కుబేరుడి దగ్గర చేసిన అప్పుకు స్వామి ఇప్పటికీ వడ్డీ కడుతున్నాడని, అసలు అలాగే ఉందని వింటూ పెరిగిన ఊరు మనది. మనిషికి అంత ఆయుష్షు ఉండదు. రిటైరయ్యే వయసు అడ్డొస్తుంది. అందుకే ఆ రోజుల్లో చాలామందికి గడువు సాగినంత సాగింది, ఆ పైన ఈఎంఐ కూడా పెరిగింది.

ఇందులో ప్రమాదమంతా గడువు సాగడం కంటికి కనపడకపోవడంలో ఉంది. ఖాతాలోంచి ఎప్పటిలాగే అదే ఈఎంఐ కట్ అవుతుంటుంది. ఫోనుకు ఒక మెసేజ్ వస్తుంది, దాన్ని ఎవరూ చదవరు. 2038లో తీరాల్సిన లోను 2049కి జరిగిపోయినా ఇంట్లో తెలియదు. ఈ బాధ చూసే ఆర్‌బీఐ 2023 ఆగస్టులో బ్యాంకులకు, ఫైనాన్స్ కంపెనీలకు గట్టిగా చెప్పింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది అప్పు తీసుకున్నవాళ్లే ఎంచుకునే వీలివ్వాలి. ఈఎంఐ ఆ నెల వడ్డీకి కూడా చాలనంతగా గడువు సాగదీయకూడదు. ప్రతి మూడు నెలలకూ ఒక స్టేట్‌మెంట్ అందుబాటులో ఉంచాలి. అందులో ఇప్పటిదాకా కట్టిన అసలు ఎంత, వడ్డీ ఎంత, ఇంకా ఎన్ని ఈఎంఐలు ఉన్నాయి, రేటు ఎంత అన్నవి ఉండాలి. ఆ స్టేట్‌మెంట్ బ్యాంకు యాప్‌లోనే దొరుకుతుంది. మూడు నెలలకోసారి తెరిచి, "మిగిలిన ఈఎంఐలు" అన్న ఒక్క అంకె పోయినసారి కంటే మూడు తగ్గిందో లేదో చూసుకుంటే చాలు. తగ్గలేదంటే వెంటనే బ్యాంకుకు వెళ్లి అడగాలి.

రేటు తగ్గినప్పుడు ఇదే మనకు కలిసొస్తుంది. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపే రెపో 6.5 నుంచి 5.5కు దిగింది. అలాంటప్పుడు ఈఎంఐ తగ్గించమని అడగకుండా, పాత ఈఎంఐనే కొనసాగిస్తే గడువు దానంతట అదే కుంచించుకుపోతుంది. అలవాటైన బరువే కాబట్టి కొత్తగా టెన్షన్ ఉండదు.

ఈఎంఐలో కనపడని ఖర్చులు

బ్యాంకు 30 లక్షలు ఇస్తుందంటే మిగిలిన పది లక్షలతో పని అయిపోయిందనుకుంటాం. రిజిస్ట్రేషన్ దగ్గర ఆగుతాం. ఆంధ్రప్రదేశ్‌లో సేల్ డీడ్‌కు స్టాంపు డ్యూటీ 5 శాతం, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 1 శాతం. మొత్తం ఏడున్నర. 40 లక్షల దస్తావేజుకు 3 లక్షలు. మామూలుగా ఈ ఖర్చును ఇంటి విలువలో కలిపి బ్యాంకు లోను ఇవ్వదు, చేతిలోంచే పెట్టుకోవాలి. ఫ్లాటు ఇంకా కడుతుంటే జీఎస్టీ 5 శాతం, సరసమైన ఇళ్ల కోవలోకి వస్తే 1 శాతం. కట్టడం పూర్తయి ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చాక కొంటే జీఎస్టీ లేదు. ఆ తర్వాత లోపలి ఉడ్‌వర్క్, గృహప్రవేశం, బంధువులకు బట్టలు. అవి ఎవరి స్థోమతను బట్టి వాళ్లకు.

ఈ మూడు లక్షల కోసం చాలామంది చేసే పని తెలిసినవాళ్ల దగ్గర రెండు రూపాయల వడ్డీకి తీసుకోవడం. నెలకు 6 వేలు. ఒకసారి పక్కపక్కన పెట్టి చూడండి. 30 లక్షలకు మొదటి నెల వడ్డీ 21,250. దానిలో పదో వంతు అప్పుకు వడ్డీ 6,000. పైగా ఆ అప్పులో నెల నెలా కట్టేది వడ్డీ మాత్రమే, అసలు కదలదు. బ్యాంకు అప్పు చౌక అనుకుంటూ దాని తోకకు ఈ అప్పు కట్టుకుంటే రెండూ కలిపి పడే రేటు ఎక్కడికో పోతుంది. ఈ మూడు లక్షలు చేతిలో సమకూరేదాకా ఒక ఏడాది ఆగడం నా దృష్టిలో చాలా ఇళ్లకు మంచిది. చీటీ పాడి తెచ్చేవాళ్లు కూడా ఎంత తోసి పాడారో దాన్ని వడ్డీగా లెక్క వేసుకోవాలి.

ఇక స్థలం సంగతి. మన చుట్టుపక్కల భూముల్లో డీకేటీ పట్టాలు (ప్రభుత్వం పేదలకు ఇచ్చిన భూములు), మఠం భూములు, దేవాదాయ భూములు, రిజిస్ట్రేషన్ చేయకూడని 22ఏ నిషేధిత జాబితాలో ఉన్న సర్వే నంబర్లు కలగలిసి ఉంటాయి. తుడా (తిరుపతి పట్టణాభివృద్ధి సంస్థ) అప్రూవల్ లేని లేఅవుట్లూ ఉన్నాయి. అలాంటి చోట "రేటు తక్కువ" అని ఆశపడితే బ్యాంకు లీగల్ ఒపీనియన్ దగ్గర ఆగిపోతుంది. అప్పుడు ఎక్కువ రేటుకు ఇచ్చే ఫైనాన్స్ కంపెనీని వెతుక్కోవాలి. అదే 30 లక్షలు, అదే 20 ఏళ్లు, రేటు 12 శాతమైతే ఈఎంఐ 33,033, మొత్తం వడ్డీ 49 లక్షల 28 వేలు. బ్యాంకు రేటు కంటే 16 లక్షల 80 వేలు ఎక్కువ. స్థలంలో మిగిలిందనుకున్నది వడ్డీలో పోతుంది. టైటిల్ భయం ఎలాగూ ఉంటుంది. లింకు డాక్యుమెంట్లు (ఆ స్థలం పాత దస్తావేజులు), ఈసీ (ఆస్తి మీద తాకట్టులు, లావాదేవీలు చూపే సర్టిఫికెట్) చూసుకోమని పెద్దలు చెప్పేది ఊరికే కాదు.

ఇన్సూరెన్స్ గురించి కాస్త ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే ఇక్కడ మాట్లాడేవాళ్లు తక్కువ. లోను మంజూరు సమయంలో "లోన్ ప్రొటెక్షన్" పేరుతో ఒకేసారి కట్టే ప్రీమియం ఉన్న పాలసీ ఒకటి ముందు పెడతారు. 75 వేలు అనుకుందాం. "మీరేమీ కట్టక్కర్లేదు, లోనులోనే కలిపేస్తాం" అంటారు. కలిపేస్తే ఆ 75 వేలకు కూడా ఇరవై ఏళ్లు వడ్డీ నడుస్తుంది. చివరికి 1 లక్షా 56 వేలు అవుతుంది. ఇలాంటి పాలసీల్లో చాలావాటికి కవరు (మనిషి పోతే వచ్చే మొత్తం) కూడా అప్పుతోపాటే తగ్గుతూ వస్తుంది. సంపాదించే మనిషికి ఏదైనా అయితే ఇంటివాళ్ల నెత్తిన అప్పు పడకూడదన్న ఆలోచన నూటికి నూరుపాళ్లు సరైనదే. దానికి విడిగా ఒక టర్మ్ పాలసీ తీసుకుంటే కవరు తగ్గదు, బ్యాంకు మార్చినా పాలసీ మనతోనే ఉంటుంది. రెండింటి ధరలూ అడిగి పోల్చుకోండి. ఫలానా కంపెనీ పాలసీయే తీసుకోవాలని పట్టుబట్టే హక్కు బ్యాంకుకు లేదు.

సంతకాల రోజు ఎలా ఉంటుందో చూసినవాళ్లకు తెలుసు. అగ్రిమెంటు దొంతర టేబుల్ మీద పెడతారు. సంతకం పెట్టాల్సిన ప్రతి చోటా పెన్సిల్‌తో ఇంటూ గుర్తు ఉంటుంది. బ్యాంకు అమ్మాయి పేజీ తిప్పుతూ వేలు పెట్టి చూపిస్తుంది, భర్త సంతకం చేసి పక్కకు జరిపితే భార్య చేస్తుంది. వెనకాల ఇంకో ఇద్దరు కుర్చీల్లో ఎదురు చూస్తుంటారు. నాలుగో పేజీ దాటాక చదవడం అయ్యే పని కాదు. ఆ దొంతరలో కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అనే చిన్న పత్రం ఉంటుంది. 2024 అక్టోబరు 1 నుంచి రిటైల్ లోన్లన్నిటికీ ఇది ఇచ్చి తీరాలి. అప్పు తీసుకునేవాళ్లకు అర్థమయ్యే భాషలో ఉండాలని ఆర్‌బీఐ ఆదేశం, కాబట్టి తెలుగులో ఇవ్వమని అడగొచ్చు. ఇచ్చాక ఆలోచించుకోవడానికి కనీసం మూడు పని దినాలు గడువు ఉంటుంది. ఆ రోజే సంతకం పెట్టాలన్న తొందర అక్కర్లేదు. ఇంటికి తెచ్చుకుని చదవండి.

అందులో ముందుగా చూడాల్సింది ఏపీఆర్, అంటే ఖర్చులన్నీ కలిపితే ఏడాదికి పడే రేటు. మన ఉదాహరణలో ప్రాసెసింగ్ ఫీజు 15 వేలు, దాని మీద 18 శాతం జీఎస్టీ, లీగల్, వాల్యుయేషన్ కలిపి 10 వేలు, ఇన్సూరెన్స్ 75 వేలు అన్నీ మొదట్లోనే కట్టించుకున్నారనుకోండి. బోర్డు మీద 8.5 అని ఉన్నా ఏపీఆర్ దాదాపు 9 శాతం పడుతుంది. రెండు బ్యాంకులను పోల్చాలంటే ఈ అంకెతోనే పోల్చాలి. నెలవారీగా అసలు ఎంత, వడ్డీ ఎంత అన్న షెడ్యూలు కూడా ఆ పత్రంతోనే వస్తుంది. పైన నేను చెప్పిన 4,785, 4,819 లాంటి అంకెలు మీ లోనువి అందులో ఉంటాయి. ఆ పత్రంలో రాయని ఛార్జీని మన ఒప్పుకోలు లేకుండా తర్వాత వేయకూడదు.

ముందుగా కట్టడం

కాలమే ఖరీదైనది అన్నాక, కాలాన్ని తగ్గించే దారి చూడాలి కదా. వ్యక్తులు సొంతానికి తీసుకున్న ఫ్లోటింగ్ రేటు హోమ్ లోనును ముందుగా తీర్చేస్తే పెనాల్టీ వేయకూడదన్న నిబంధన పదేళ్లకు పైగా ఉంది. అయినా పెనాల్టీ భయంతో ముందు కట్టనివాళ్లు ఇప్పటికీ కనిపిస్తారు.

మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టి, ఈఎంఐ మార్చకుండా గడువు తగ్గించుకుంటే చివర్లో 18 ఈఎంఐలు ఎగిరిపోతాయి. అంటే దాదాపు 4 లక్షల 70 వేలు. అదే లక్షను పదో ఏడాది చివర కడితే పోయేవి తొమ్మిదికి కాస్త తక్కువ. అదే డబ్బు, ముందు కట్టినదానికి రెట్టింపు ఫలితం. లక్ష ఒకేసారి లేనివాళ్లకు ఇంకో దారి ఉంది. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోవడం. మొదటి ఏడాది 26,035, రెండో ఏడాది 27,336, అలా. 20 ఏళ్ల లోను 12 ఏళ్లు దాటి రెండు మూడు నెలలకు తీరిపోతుంది. వడ్డీ 32 లక్షల 48 వేలకు బదులు సుమారు 20 లక్షల 80 వేలు. టీటీడీలోనో, యూనివర్సిటీలోనో, స్కూల్లోనో పనిచేస్తూ ఏటా ఇంక్రిమెంటు, డీఏ వచ్చేవాళ్లకు ఇది చేతనైన పనే. శ్రీసిటీలోనో, రేణిగుంట ఫ్యాక్టరీల్లోనో ఏటా జీతం పెరుగుతుందన్న హామీ లేనివాళ్లు ఈఎంఐ పెంచే బదులు, బోనస్ వచ్చినప్పుడు పార్ట్ పేమెంట్ చేయడం, అంటే అసలులో కొంత ముందే కట్టడం మేలు. ఆ నెల చేతిలో ఉంటే కడతారు, లేకపోతే లేదు.

పార్ట్ పేమెంట్ చేసేటప్పుడు "గడువు తగ్గించండి" అని రాతపూర్వకంగా ఇవ్వాలి. అడక్కపోతే కొన్నిచోట్ల ఈఎంఐ తగ్గించేస్తారు, అప్పుడు లాభంలో పెద్ద భాగం పోతుంది.

ఒక జాగ్రత్త మాత్రం చెప్పాలి. అప్పంటే భయం ఉన్న ఇళ్లలో చేతిలో ఉన్న ప్రతి రూపాయీ లోనులో వేసేస్తారు. ఆర్నెల్ల ఈఎంఐలు, ఇంటి ఖర్చు విడిగా ఉంచకుండా అలా చేస్తే, ఏదైనా ఆపద వచ్చిన రోజు మళ్లీ రెండు రూపాయల వడ్డీకే వెళ్లాలి. 71 పైసల అప్పు తీర్చి రెండు రూపాయల అప్పు చేసినట్టు. అలాగే పర్సనల్ లోనో, క్రెడిట్ కార్డు బాకీనో ఉంటే ముందు అవే తీరాలి. పీఎఫ్‌లో 2024-25కు 8.25 శాతం వడ్డీ ఇచ్చారు కాబట్టి, దాన్ని తీసి లోనులో వేయడం వల్ల పెద్దగా ఒరిగేదేమీ లేదు. ఎఫ్‌డీ సంగతి వేరు. దాని వడ్డీ మీద పన్ను పోగా చేతికి వచ్చేది లోను వడ్డీ కంటే తక్కువే ఉంటుంది కాబట్టి, అవసరానికి మించిన ఎఫ్‌డీ ఉంటే లోనుకు మళ్లించడమే లాభం.

పన్ను మినహాయింపు ఉంది కదా అని లోనును సాగదీసేవాళ్లు ఒకసారి తమ పన్ను విధానం ఏదో చూసుకోవాలి. పాత విధానంలో సొంతంగా ఉండే ఇంటికి ఏడాదికి 2 లక్షల దాకా వడ్డీకి మినహాయింపు వస్తుంది, అసలుకు వేరే లక్షన్నర పరిమితిలో వస్తుంది. కొత్త విధానంలో సొంతంగా ఉండే ఇంటికి ఈ రెండూ లేవు. ఇప్పుడు మనం ఏదీ ఎంచుకోకపోతే వర్తించేది కొత్తదే. పాత విధానంలో ఉన్నా, 20 శాతం శ్లాబులో ఉన్న మనిషి లక్ష వడ్డీ కట్టి ఇరవై వేలు వెనక్కి తెచ్చుకుంటున్నాడు. మిగతా ఎనభై వేలు పోయినట్టే.

62 లక్షలన్న అంకె చూసి గుండె గుభేలుమనడం కూడా సరికాదు. ఆ డబ్బంతా ఇవాళ్టి రూపాయల్లో కట్టేది కాదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే, ఇరవై ఏళ్ల తర్వాత కట్టే 26,035 ఇవాళ్టి లెక్కలో దాదాపు 9,800 విలువ చేస్తుంది. జీతాలు పెరిగేవాళ్లకు చివరి ఏళ్లలో ఈఎంఐ బరువే అనిపించదు. అందుకే మొదటి ఐదారేళ్లు గట్టిగా ఉండి అసలును దించుకోగలిగితే, ఆ తర్వాత కంగారు పడక్కర్లేదు.

లోను పూర్తిగా తీరిన రోజు పని ఇంకా కొంత మిగిలే ఉంటుంది. తాకట్టులో ఉన్న ఒరిజినల్ దస్తావేజులను 30 రోజుల్లోపు తిరిగి ఇవ్వాలని, తమ వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం కట్టాలని ఆర్‌బీఐ నిబంధన. 2023 డిసెంబరు 1 నుంచి అమల్లో ఉంది. దస్తావేజులతోపాటు బాకీ లేదన్న లెటరు తీసుకోండి. మొదట్లో ఏమేం పత్రాలు ఇచ్చారో ఆ జాబితాతో ఒక్కొక్కటీ సరిచూసుకోండి, ముఖ్యంగా పాత లింకు డాక్యుమెంట్లు. తాకట్టు రిజిస్టరై ఉంటే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దాన్ని రద్దు చేయించాలి. నెలా రెండు నెలల తర్వాత ఈసీ కొత్తగా తీయించి, అందులో బ్యాంకు తాకట్టు విడుదలైనట్టు పడిందో లేదో, సిబిల్ రిపోర్టులో లోను క్లోజ్ అయినట్టు చూపుతోందో లేదో చూసుకోవాలి.